కొలనులో ఎన్ని లీటర్లో తేల్చకుండా మందు చెప్పకండి

సంపాదకులకు నమస్కారం.

మాది కడియం దగ్గర పల్లెటూరు. 31 ఏళ్లు హైస్కూల్లో లెక్కలు చెప్పి రిటైరయ్యాను. పత్రికల్లో తోటపని గురించి వచ్చే పేజీలు వదలకుండా చదువుతాను. కత్తిరించి ఫైల్లో పెట్టుకునే అలవాటు కూడా ఉంది. ఆ పేజీల్లో ఒక్క మాట మార్చమని అడగడానికే ఈ ఉత్తరం. ఆ మాట "తగినంత". కొలనులో నీళ్లు పచ్చబడితే తగినంత ఇది వేయండి, చేపలకు జబ్బు చేస్తే తగినంత అది వేయండి, కొలను సైజును బట్టి మోటారు కొనుక్కోండి అని రాస్తారు. మందు ప్యాకెట్ల మీదా అంతే. సైజంటే ఏమిటో, దాన్ని ఎలా కొలవాలో ఎక్కడా ఉండదు. అది తెలియక నా చేతుల మీదుగా ఆరు చేపలు పోయాయి.

రిటైరయిన ఏడాదే మా పెరట్లో కొబ్బరిచెట్ల పక్కన చిన్న కొలను తవ్వించుకున్నాను. చదరంగా వద్దు, మామిడికాయ ఆకారంలో కావాలని తాపీమేస్త్రీకి చెప్పి మరీ చేయించాను. లోపల నల్ల షీటు పరిచి, అంచున కుండీలు పెట్టుకోవడానికి మెట్టు కట్టించాం. కడియపులంక నర్సరీల నుంచి మూడు తామర టబ్బులు తెచ్చి దింపాం. తర్వాత పదకొండు గోల్డ్ ఫిష్‌లు వేశాను. పొద్దున్నే కాఫీ గ్లాసు పట్టుకుని ఆ గట్టు మీద కూర్చుంటే అవి అలికిడికే పైకి వచ్చేవి.

మొన్న వేసవి సెలవుల్లో మా మనవడు వచ్చి ఉన్నప్పుడు రెండు చేపల ఒంటి మీద దూది అంటుకున్నట్టు తెల్లటి మచ్చలు కనిపించాయి. సగం నీళ్లు మార్చి చూశాం, తగ్గలేదు. టౌన్‌లో చేపల మందులమ్మే కొట్టుకి వెళ్లాను. ఆయన అడగాల్సిన ప్రశ్నే అడిగాడు. "నీళ్లెన్ని లీటర్లు ఉంటాయమ్మా?"

నేను అక్కడే నిలబడి మనసులో గుణించేశాను. కొలను పొడవు పదడుగులు, వెడల్పు ఆరు, లోతు మూడు. 180 ఘనపుటడుగులు. ఘనపుటడుగుకి 28.3 లీటర్లు. "ఐదు వేలు" అన్నాను. లెక్కల టీచర్ని కదా, తడుముకోలేదు. ఆయన వెయ్యి లీటర్లకు 4 గ్రాముల చొప్పున 20 గ్రాముల పొటాషియం పర్మాంగనేట్ తూచి కట్టిచ్చాడు.

బకెట్లో కలిపి కొలను చుట్టూ పోశాను. నీళ్లు ఊదారంగుకి తిరిగాయి. రెండు మూడు గంటల్లో ఆ రంగు విరిగి గోధుమరంగులోకి దిగుతుందని కొట్టాయన చెప్పాడు. మధ్యాహ్నం దాటినా దిగలేదు. మూడు గంటలకు చేపలన్నీ పైకి వచ్చి నోళ్లు తెరుచుకుని గాలి కోసం కొట్టుకుంటున్నాయి. మా అల్లుడు, నేను దొరికిన వాటిని దొరికినట్టు బోరు నీళ్లు నింపిన టబ్బులోకి మార్చాం. తెల్లారేసరికి ఐదే మిగిలాయి. ఆరింటిని జామచెట్టు మొదట్లో పూడ్చాం. ఆ గుంట తవ్వింది మా మనవడే. ఏడో తరగతి వాడు. మట్టి కప్పుతూ, తల ఎత్తకుండా అడిగాడు.

"అమ్మమ్మా, మన కొలనులో నిజంగా ఐదు వేల లీటర్లు ఉన్నాయా?"

నాకు జవాబు తెలియలేదు. క్షేత్రమితి పాఠం ఎన్ని వందల సార్లు చెప్పి ఉంటానో. స్థూపాకారపు ట్యాంకు వ్యాసార్థం ఇంత, ఎత్తు ఇంత, పట్టే నీరెంత అని ఎన్ని పరీక్ష పేపర్లు తయారు చేశానో. నా పెరట్లో ఉన్న నీళ్లని మాత్రం ఒక్కసారీ కొలవలేదు.

ఆ మర్నాడు ఇద్దరం కలిసి కొలిచాం. ఈ పద్ధతికి ఇంజినీరు అక్కర్లేదు, కాబట్టి కొంచెం వివరంగా రాస్తాను.

పురికొస తీసుకుని కొలను పొడవు వెంట రెండేసి అడుగులకు ఒకటి చొప్పున, ఈ గట్టు నుంచి ఆ గట్టుకి అడ్డంగా నాలుగు తాళ్లు కట్టాం. ఒక్కో తాడు కింద నీళ్ల వెడల్పు కొలిచాం. 4, 5, 6, 5 అడుగులు వచ్చాయి. రెండు చివరలా మామిడికాయ ముక్కులా సున్నాకి వచ్చేస్తుంది. ఈ వెడల్పులన్నీ కూడితే 20, తాళ్ల మధ్య దూరం రెండడుగులు, కాబట్టి నీటి ఉపరితలం 40 చదరపు అడుగులు. నేను కొట్లో గుణించింది పది ఇంటు ఆరు, అరవై. అంటే లోతు దాకా పోకుండానే మూడో వంతు తప్పు చేశాను.

తర్వాత లోతు. వెదురు కర్ర మీద అంగుళాల గీతలు పెట్టి, కింది చివరన పాత సీసా మూత ఒకటి బిగించాం. షీటుకి చిల్లు పడకూడదు, కర్ర బురదలోకి దిగిపోకూడదు. ప్రతి తాడు వెంటా అడుగుకొక చోట కర్ర దించి, నీటి మట్టం ఎక్కడ తగిలిందో నేను చదువుతుంటే వాడు నోటుబుక్కులో రాశాడు. మొదటి తాడు కింద 16, 22, 22, 14 అంగుళాలు. మూడో తాడు కింద నడిమధ్యన రెండు చోట్ల మాత్రమే 36. మొత్తం ఇరవై చోట్ల కొలతలు కూడితే 504, సగటు 25 అంగుళాల పైచిలుకు. అంటే 2.1 అడుగులు. నా మనసులో ఉన్న మూడడుగులు ఆ కొలనులో రెండే రెండు చోట్ల ఉన్నాయి. గోడలు వాలుగా ఉండటం, కుండీల మెట్టు, ఇవన్నీ నీళ్లని తినేశాయి.

40 చదరపు అడుగులు, 2.1 అడుగుల సగటు లోతు. 84 ఘనపుటడుగులు. లీటర్లలో 2,377. అందులో మట్టితో నిండిన మూడు తామర టబ్బులు, అడుగున రాళ్లు ఆక్రమించిన చోటు సుమారు వంద లీటర్లు తీసేస్తే 2,280.

ఐదు వేలు కాదు. సగం కూడా లేవు.

లీటరుకు 4 మిల్లీగ్రాములు ఉండాల్సిన మందు దాదాపు 9 మిల్లీగ్రాములు పడింది. పైగా ముందు రోజే సగం నీళ్లు మార్చి ఉన్నాం. పాచి, బురద ఉన్న నీళ్లలో ఈ మందు కొంత వాటి మీదే ఖర్చయిపోతుంది. శుభ్రమైన నీళ్లలో ఆ దెబ్బంతా చేపల మొప్పల మీదే పడుతుంది. కొట్టాయన తప్పు లేదు. ఆయన అడిగాడు, నేను తప్పు చెప్పాను.

లెక్క సరిపోయిందో లేదో తేల్చుకోకపోతే నాకు నిద్ర పట్టేలా లేదు. ఎలాగూ మందు నీళ్లు మార్చాలి కదా అని టబ్బులు, రాళ్లు, అడుగు బురద ఉన్నచోటే ఉంచి నీళ్లన్నీ తోడించేశాం. మళ్లీ పైపుతో నింపేటప్పుడు కొలిచాం. ఇది ఇంకా తేలిక, అసలు సూత్రాలేవీ రానివాళ్లు కూడా చేయగలరు. ఖాళీ పెయింటు బకెట్టు తీసుకుని లీటరు సీసాతో ఇరవై సార్లు నీళ్లు పోసి, ఇరవై లీటర్ల దగ్గర గీత పెట్టాం. బకెట్టు మీద 20 అని అచ్చు వేసి ఉన్నా అంచు దాకా నింపితే ఇంకా ఎక్కువే పడుతుంది, అందుకని. పైపు నీళ్లు ఆ గీత దాకా రావడానికి సెల్‌ఫోన్‌లో చూస్తే 48 సెకన్లు. అంటే నిమిషానికి 25 లీటర్లు. మూడుసార్లు చూశాం, ఒక సెకను అటూ ఇటూ. కొలను నిండేదాకా ఇంట్లో ఎవరూ కుళాయి తిప్పొద్దని మా అమ్మాయికి గట్టిగా చెప్పాను, ఎందుకంటే వంటింట్లో కుళాయి తిప్పగానే పైపు ధార సన్నబడుతుంది. సగంలో ఒకసారి, చివర్లో ఒకసారి మళ్లీ బకెట్టు పెట్టి చూశాం. పొద్దున్న 6:10కి మొదలుపెడితే పాత మట్టానికి నిండేసరికి 7:42 అయింది. 92 నిమిషాలు, 2,300 లీటర్లు.

కర్రతో, తాళ్లతో వచ్చింది 2,280. ఇరవై లీటర్లే తేడా. నా మనవడు ఆ రెండంకెల్నీ పక్కపక్కన రాసుకుని ఎంతసేపు చూశాడో. సర్వీసంతటిలో ఏ పిల్లవాడి మొహంలోనూ లెక్కల వల్ల అంత వెలుగు నేను చూడలేదు. ఆ సంగతి నన్ను సంతోషపెట్టిందో బాధపెట్టిందో చెప్పలేను.

మా తమ్ముడు ఆకివీడు దగ్గర చేపల చెరువులు చేస్తాడు. ఫోన్లో జరిగిందంతా చెబితే మొదట వాడన్న మాట, "అక్కా, నీళ్లు తెలియకుండా మందు చేత్తో ముట్టుకోకూడదే!" వాళ్ల దగ్గర ఇది నోటిలెక్క. ఎకరం చెరువులో మీటరు లోతు నీళ్లుంటే 4,047 ఘనపు మీటర్లు, అంటే 40 లక్షల లీటర్లు. అందులో ఒక పీపీఎం, అంటే లీటరుకు ఒక మిల్లీగ్రాము చొప్పున మందు వేయాలంటే 4 కిలోలు. సెంటుకైతే 40 వేల లీటర్లు, 40 గ్రాములు. చదువు లేని కాపలా మనిషి కూడా గేజి కర్ర చూసి లోతు చెబుతాడట, దాన్ని బట్టి బస్తాలు విప్పుతారట. కొల్లేటి చుట్టుపక్కల చేపల రైతులకి అలవాటైన పని పెరటి కొలనుల దగ్గరికి వచ్చేసరికి ఎవరూ చేయడం లేదు. మనది చిన్నది కదా, ఏముందిలే అనుకుంటాం. చిన్న కొలనులోనే పొరపాటుకి చోటు తక్కువ. ఎకరం చెరువులో పది గ్రాములు ఎక్కువైతే లెక్కలోకి రాదు, నా కొలనులో పదకొండు గ్రాములు ఎక్కువై ఆరు చేపలు పోయాయి.

ఇది చేపల గోడు మాత్రమే కాదు. అనంతపురం జిల్లాలో టీచరుగా చేస్తున్న నా పాత విద్యార్థి ఒకడు పంట కుంటల సంగతి చెప్పాడు. పైన పది మీటర్లు ఇంటు పది, లోతు మూడు మీటర్లు, గట్లు ఒకటికి ఒకటి వాలు, అంటే మీటరు లోతుకి ప్రతి గట్టూ మీటరు లోపలికి వస్తుంది. అలాంటి కుంట నిండితే మూడు లక్షల లీటర్లు ఉన్నట్టే అని చాలామంది అనుకుంటారట. పదిని పదితో, దాన్ని మూడుతో గుణిస్తే వచ్చేది అదే మరి. కానీ అంత వాలుంటే అడుగున మిగిలేది నాలుగు ఇంటు నాలుగే. నడిమి ఎత్తులో ఏడు ఇంటు ఏడు. పై వైశాల్యం 100, అడుగు 16, నడిమి 49కి నాలుగు రెట్లు 196, మొత్తం 312. దాన్ని ఆరుతో భాగించి మూడుతో గుణిస్తే 156 ఘనపు మీటర్లు. లక్షా యాభై ఆరు వేల లీటర్లు. పైదీ అడుగుదీ కూడి సగం చేస్తే సరిపోతుందనుకుంటే 174 వస్తుంది, అదీ ఎక్కువే. మూడు లక్షల లీటర్లు చేతిలో ఉన్నాయని ధైర్యపడి వేరుశనగకి తడి లెక్కేసుకున్న రైతు, సగంలో కుంట అడుగు చూస్తాడు. పొద్దున్నే గట్టు మీద నిలబడి ఆ బురద చూసే మనిషి సంగతి తలుచుకుంటే నా ఆరు చేపల బాధ చిన్నదనిపిస్తుంది.

వానాకాలం వస్తే మీ పత్రికలన్నీ రోజూ జలాశయాల పట్టిక వేస్తాయి. శ్రీశైలం 885 అడుగులు, 215.81 టీఎంసీలు. నాగార్జున సాగర్ 590 అడుగులు, 312.05 టీఎంసీలు. అడుగుల్లో మట్టం, దాని పక్కనే నీటి నిల్వ, చుక్క తర్వాత రెండంకెల దాకా. ఒక టీఎంసీ అంటే శతకోటి ఘనపుటడుగులు, మన లీటర్లలో 2,832 కోట్లు. అదే సాగర్‌లో కట్టిన కొత్తలో 408 టీఎంసీలు పట్టేవి. పూడిక పేరుకుని ఇప్పుడు 312కి దిగింది, పూర్తి మట్టం మాత్రం అదే 590. మట్టం చూసి నీళ్లు ఇన్ని ఉన్నాయనుకోవడం ఎంత పొరపాటో ఇంతకంటే పెద్ద ఉదాహరణ నాకు తెలియదు. మా కొలను అడుగునా మూడంగుళాల బురద ఉంది. కర్ర ఆ బురద మీదే ఆగింది కాబట్టి నా లెక్క తప్పలేదు. షీటు దాకా కర్ర దించి ఉంటే ఇంకో వంద లీటర్లకు పైగా లేని నీళ్లు లెక్కలోకి వచ్చేవి.

ఇక నేను అడిగేది. తోట పేజీలో ఎవరు ఏ మందు రాసినా, ఉప్పు రాసినా, సున్నం రాసినా, వెయ్యి లీటర్లకు ఎన్ని గ్రాములో రాయమనండి. చెంచా, చిటికెడు, గుప్పెడు, తగినంత అనే మాటలు దయచేసి కొట్టేయండి. నా చెంచా వేరు, మీ చెంచా వేరు. దాని కింద రెండు వాక్యాల్లో కొలను కొలిచే పద్ధతి వేయండి. గుండ్రటి కొలనైతే అడ్డం కొలతని దాంతోనే గుణించి 0.785తో గుణించాలి. కోడిగుడ్డు ఆకారమైతే పొడవుని వెడల్పుతో గుణించి అదే 0.785. వంకరటింకరగా ఉంటే తాళ్లు కట్టాల్సిందే. ఏ ఆకారమైనా లోతు మాత్రం సగటు లోతే వేయాలి, నడిమధ్య లోతు కాదు. కొలతలు మీటర్లలో తీసుకుంటే ఘనపు మీటరుకు వెయ్యి లీటర్లు, అడుగుల్లో అయితే ఘనపుటడుగుకి 28.3. ఇంతకు మించి తెలియాల్సింది లేదు. పైపూ బకెట్టూ ఉన్నవాళ్లకి అది కూడా అక్కర్లేదు.

మోటార్లు, టబ్బులు, షీట్లు అమ్మేవాళ్లకీ ఒక మాట. బయటి దేశాల నుంచి వచ్చే మోటార్ల పెట్టెల మీద గంటకి ఇన్ని గ్యాలన్లు అని ఉంటుంది. అమెరికా గ్యాలను 3.8 లీటర్లు, పాత బ్రిటిష్ గ్యాలను 4.5. మా తరం వాళ్లం చిన్నప్పుడు నేర్చుకున్న నాలుగున్నరతోనే గుణిస్తాం. లీటర్లలో ఒక స్టిక్కరు అంటిస్తే కొనేవాళ్లకి ఎంత మేలు.

ఇంకొకటి కూడా రాయాలి, దీని గురించి చాలామందికి తెలియదు. కొలనులో ఉప్పు వేశాక ఎండకి నీళ్లు తగ్గితే, పోసిన కొత్త నీళ్లకి మళ్లీ ఉప్పు వేస్తారు. ఆవిరయ్యేది నీళ్లే, ఉప్పు అక్కడే ఉంటుంది. నీళ్లు తోడి బయట పారబోసినప్పుడే, పారబోసినంత మేరకే మళ్లీ వేయాలి. రోహిణి కార్తెలో మా కొలను రోజుకి సుమారు 8 మిల్లీమీటర్లు దిగేది. చదరపు మీటరుకి ఒక మిల్లీమీటరు దిగితే ఒక లీటరు పోయినట్టు. మా కొలను ఉపరితలం 3.7 చదరపు మీటర్లు, అంటే రోజుకి 30 లీటర్లు, బకెట్టున్నర. అంతకు మించి దిగుతుంటే షీటుకి చిల్లు పడిందేమో వెతుక్కోవాలి.

బళ్లలో లెక్కలు చెబుతున్న తమ్ముళ్లకి, చెల్లెళ్లకి కూడా ఈ ఉత్తరం చేరాలని నా కోరిక. క్షేత్రమితి పాఠం మొదలుపెట్టేముందు ఒక్క పీరియడు పిల్లల్ని బయటికి తీసుకెళ్లండి. బడిలో సంపు ఉంటుంది, ఊళ్లో పశువులు తాగే తొట్టి ఉంటుంది. తాడు, కర్ర, బకెట్టు, గడియారం చాలు. ఆ పని నేను 31 ఏళ్లలో చేయలేదు.

జూన్‌లో బడి తెరిచే ముందు, హైదరాబాద్ వెళ్లేముందు మా మనవడు కొలను గోడ మీద ఎర్ర పెయింటుతో మూడు గీతలు పెట్టాడు. పై గీత పక్కన 2,280 అని, మూడంగుళాల కింద రెండో గీత పక్కన 2,000 అని, ఇంకో మూడంగుళాల కింద 1,750 అని రాశాడు. తామరాకులు కప్పేయకుండా ఆ పక్కనున్న టబ్బుని నేను కొంచెం జరిపాను. ఈ ఉత్తరం రాస్తున్న రోజు పొద్దున నీళ్లు రెండో గీతకి ఒక అంగుళం పైన ఉన్నాయి. దాదాపు 2,090 లీటర్లు. చేపలు ఐదూ బాగున్నాయి.

ఇట్లు,
ఒక రిటైర్డ్ లెక్కల టీచరు,
కడియం మండలం, తూర్పు గోదావరి జిల్లా